చదరంగంలో గ్రాండ్‌మాస్టర్ హోదా ఎలా లభిస్తుంది? ఆటగాడి బలాన్ని అంకెల్లో చూపే రేటింగ్ తగ్గితే అది పోతుందా?

పోదు. అంతర్జాతీయ చదరంగ సమాఖ్య అయిన ఫిడే 1950లో తొలిసారిగా 27 మందికి ప్రకటించిన ఈ హోదా, మోసం వంటి తీవ్రమైన తప్పు రుజువైతే తప్ప, జీవితాంతం నిలుస్తుంది.

సాధారణ మార్గంలో దీనికి రెండు షరతులున్నాయి. రేటింగ్ 2500కు చేరాలి. టోర్నమెంటు మధ్యలో ఒక్కసారి తాకి, మరుసటి ఆటలో ఓడి కిందికి దిగినా అది చెల్లుతుంది. అసలు కష్టమంతా రెండో షరతైన నార్మ్‌లలో, అంటే నిర్ణీత స్థాయి పోటీలలో సాధించాల్సిన ఫలితాలలో ఉంది. ప్రత్యర్థులలో కనీసం మూడో వంతు మంది గ్రాండ్‌మాస్టర్లుగా, పలువురు ఇతర దేశాల వారుగా ఉన్న పోటీలో, సాధారణంగా తొమ్మిది ఆటలలో, 2600 రేటింగ్ గల ఆటగాడి స్థాయి ప్రదర్శన చూపితే ఒక నార్మ్ లభిస్తుంది. మొత్తం మీద కనీసం 27 ఆటలు కావాలి గనుక చాలా మందికి మూడు నార్మ్‌లు అవసరమవుతాయి. అటువంటి పోటీలలో చోటు దొరకడమే ఖర్చుతో కూడిన వ్యవహారం కాబట్టి, సత్తా ఉండి కూడా చివరి నార్మ్ కోసం ఏళ్ల తరబడి తిరిగేవారు ఉంటారు. అమెరికాకు చెందిన అభిమన్యు మిశ్రా మాత్రం 2021లో 12 ఏళ్ల 4 నెలల వయసులోనే ఇవన్నీ పూర్తిచేసి, 2002 నుంచి సెర్గీ కర్యాకిన్ పేరిట ఉన్న పిన్న వయసు రికార్డును అధిగమించాడు.

అయితే ఈ హోదా ఒక్కటే జీవనోపాధికి హామీ కాదు. నార్వే ఆటగాడు మాగ్నస్ కార్ల్‌సన్ 2014లో అందుకున్న అత్యధిక రేటింగ్ 2882కూ 2500కూ మధ్య ఉన్న దూరం చాలా పెద్దది. ఆ మధ్యలో ఉన్న పలువురు శిక్షణ ఇస్తూనే ఆడుతుంటారు.