నీటిగుంటలు చూశావా?

తమ్ముడికి,

నీ వ్యాసం రెండుసార్లు చదివాను. శాన్‌ఫ్రాన్సిస్కో మార్కెట్ స్ట్రీట్ మీద 1906లో మైల్స్ సోదరులు తీసిన మూగచిత్రాన్ని నువ్వు ఎంచుకోవడం చూసి చాలా సంతోషించాను. కేబుల్ కారు (వీధిలో పట్టాల మీద నడిచే బండి) ముందు కెమెరా బిగించి, వీధి చివర పడవల రేవు దగ్గరున్న ఫెర్రీ బిల్డింగ్ దాకా సాగిన పదమూడు నిమిషాల ప్రయాణం అది. ఎన్నిసార్లు చూసినా నాకు తనివి తీరదు.

అయితే "వీధి నిండా మోటారు కార్లే" అని మొదలుపెట్టావు. అక్కడే ఆగి, బొమ్మ మళ్ళీ వేసి చూడు. కెమెరాను దాటిపోయిన కారే చుట్టు తిరిగి మళ్ళీ ముందుకొస్తుంది, మళ్ళీ మాయమవుతుంది, మళ్ళీ వస్తుంది. రద్దీ కనిపించాలని చేసిన ఏర్పాటే అయ్యుంటుందని నా నమ్మకం. కాగితం తీసుకుని లెక్కపెట్టు: గుర్రబ్బళ్ళెన్ని, కార్లెన్ని, వాటిలో తిరిగొచ్చినవెన్ని. నా తొలి వ్యాసాల్లో ఆ పని చెయ్యక, కంటికి తోచిందే రాసేశాను. అచ్చయిన ఆ తప్పులు ఇప్పటికీ బాధపెడతాయి.

ఈ చిత్రం 1905 సెప్టెంబరు నాటిదని చాలాకాలం అనుకున్నారు. డేవిడ్ కీన్ అనే సినిమా చరిత్రకారుడి చూపు రోడ్డు మీది నీటిగుంటల మీద పడింది. సెప్టెంబరులో ఆ ఊళ్ళో వాన పడడమే అరుదు. మరి ఆ నీళ్ళెక్కడివి? పాత పత్రికల్లో వాన కబుర్లు వెతికాడు. ఒక కారు నంబరు ప్లేటు పట్టుకుని రిజిస్ట్రేషన్ పుస్తకాలు తిరగేస్తే, అది 1906 మొదట్లో నమోదైన బండి! అలా ఆ చిత్రం 1906 వసంతానికి, ఆ ఊరిని కూల్చిన ఏప్రిల్ 18 భూకంపానికి కాస్త ముందుకి వచ్చి చేరింది. ఏ పండితుడూ లెక్కచెయ్యని బురదనీళ్ళు సాక్ష్యం చెప్పాయి. నీ వ్యాసంలో ఆ నీళ్ళ ఊసే లేదు.

ఇంకొకటి. భూకంపాన్ని రెండో పేరాలోనే చెప్పేశావు. అంత తొందరెందుకు? బండ్ల మధ్య నుంచి తాపీగా రోడ్డు దాటే ఆ టోపీల మనుషులకి ఏప్రిల్ 18 సంగతి తెలియదు. నీ పాఠకుడూ కాసేపు ఏమీ తెలియకుండానే వాళ్ళతో నడవనీ. ఫిల్ము న్యూయార్క్ రైలెక్కాక ఆ సంగతి చెప్పు. వీధిలోనే ఉన్న మైల్స్ వాళ్ళ స్టూడియో పోయింది, ముందే ఊరు దాటిన ఫిల్ము మిగిలింది.

కొత్త ప్రతి పంపేటప్పుడు ఆ లెక్క రాసిన కాగితం కూడా జతచెయ్యి. అది ముందు చదువుతాను.

ఆశీస్సులతో,
అన్నయ్య