యూదులు ఏ దేశంలో ఎంతమంది ఉన్నారు? మన దేశంలో ఎందుకు అంతగా తగ్గిపోయారు?

ముందు అంకెలు చెప్పేస్తాను. ప్రపంచం మొత్తం మీద యూదులు సుమారు 1 కోటి 57 లక్షలు. ఇజ్రాయెల్‌లో 72 లక్షల పైన, అమెరికాలో 63 లక్షల దాకా. ఈ రెండు దేశాల్లోనే నూటికి ఎనభై అయిదుగురు ఉన్నారన్నమాట. ఆ తర్వాత ఫ్రాన్స్‌లో నాలుగున్నర లక్షల లోపు, కెనడాలో 4 లక్షల దాకా, బ్రిటన్‌లో 3 లక్షల పైచిలుకు, అర్జెంటీనాలో లక్షా డెబ్భై వేల దాకా. రష్యా, జర్మనీ, ఆస్ట్రేలియా ఒక్కొక్కటీ లక్ష దాటుతాయి. మన దేశంలో అటూ ఇటూగా ఐదు వేలు.

1939లో ప్రపంచంలో యూదులు సుమారు 1 కోటి 65 లక్షలు. అప్పటి నుంచి ప్రపంచ జనాభా మూడింతలు దాటింది, వీళ్లు మాత్రం ఇంకా ఆ అంకెకు చేరలేదు. 1931 సెన్సస్‌లో ఒక్క పోలండ్‌లోనే 31 లక్షల మంది యూదులున్నారు. ఆ దేశంలో ప్రతి పదిమందిలో ఒకరు. నాజీల చేతుల్లో వాళ్లలో నూటికి తొంభైమంది చనిపోయారు. ఇది తెలియకుండా నేటి పట్టిక చూస్తే తూర్పు యూరప్ ఎందుకు ఖాళీగా ఉందో అర్థం కాదు.

తెలుగులో ఈ లెక్కలు రాసేవాళ్లు తరచూ చేసే తప్పులు రెండున్నాయి. మొదటిది మిలియన్లను లక్షల్లోకి మార్చడం. 7.2 మిలియన్లంటే 72 లక్షలు. దాన్ని 7.2 లక్షలని రాసిన వ్యాసాలు ఇప్పటికీ చేతులు మారుతూనే ఉన్నాయి. రెండోది ఇజ్రాయెల్ జనాభా అంతటినీ యూదులుగా లెక్కగట్టడం. ఆ కోటి మందిలో అయిదో వంతు అరబ్బులు. అది కాక ఐదున్నర లక్షల మంది దాకా 'ఇతరులు' అనే గడిలో ఉంటారు. వాళ్లలో ఎక్కువమంది పాత సోవియట్ దేశాల నుంచి యూదు బంధుత్వంతో వచ్చినవాళ్లు. పౌరసత్వం వచ్చింది కానీ మతచట్టం ప్రకారం యూదులు కారు. కొన్ని పట్టికల్లో 'యూదులు, ఇతరులు' అని రెండూ కలిపి ఒకే కాలమ్ ఇస్తారు. అది చూసుకోకపోతే ఐదు లక్షల తేడా వచ్చేస్తుంది.

ఈ ఇతరులు ఎలా పుట్టుకొచ్చారంటే, రెండు చట్టాలకు పొంతన లేకపోవడం వల్ల. మతచట్టం తల్లిని చూస్తుంది. తల్లి యూదు అయితే బిడ్డ యూదు, లేదంటే ఆ మతంలోకి మారినవాళ్లే యూదులు. 1950లో వచ్చిన ఇజ్రాయెల్ పునరాగమన చట్టాన్ని 1970లో సవరించాక, తాతయ్య, అమ్మమ్మ, నానమ్మల్లో ఒక్కరు యూదు అయినా చాలు, భార్యాభర్తలతో సహా వచ్చి స్థిరపడొచ్చు. అందుకే జనాభా శాస్త్రజ్ఞులు నాలుగైదు వలయాలు గీస్తారు. లోపలి వలయంలో తమను యూదులుగా చెప్పుకుని, వేరే మతం పాటించనివాళ్లు. బయటి వలయంలో ఆ చట్టం కింద అర్హులైన కుటుంబసభ్యులందరూ. నేను పైన ఇచ్చినవి లోపలి వలయం అంకెలు. అమెరికాలో 2020 సర్వే ఒకటి పిల్లలతో కలిపి 75 లక్షలంది, లోపలి వలయం పట్టుకున్నవాళ్లు 63 లక్షలంటారు. ఇద్దరూ అబద్ధమాడలేదు, గీత గీసిన చోటు వేరు. అమెరికా సెన్సస్ మతం అడగదు కాబట్టి అక్కడ సర్వేలే దిక్కు. ఇంగ్లండ్, వేల్స్‌లలో 2001 నుంచి అడుగుతున్నారు, జవాబు ఇవ్వడం ఇష్టం. ఫ్రాన్స్‌లో ప్రభుత్వం అసలు అడగదు.

సోవియట్ యూనియన్‌లో సంగతి వేరు. అక్కడ దేశం లోపల గుర్తింపు కార్డులా వాడే పాస్‌పోర్టులో ఐదో గడి 'జాతి'. రష్యన్, ఉక్రేనియన్ అని రాసినట్టే అందులో 'యూదు' అని రాసేవారు. దేవుణ్ణి నమ్మినా నమ్మకపోయినా ఆ గడి మారదు. చదువులో సీటు రావాలన్నా, పెద్ద ఉద్యోగం దొరకాలన్నా ఆ గడి అడ్డం వచ్చేది. 1989 సెన్సస్‌లో అలా రాయించుకున్నవాళ్లు 14 లక్షల 50 వేల దాకా. గేట్లు తెరుచుకున్నాక ఆ గడే వాళ్లకు బయటికి దారి చూపింది.

నా ఉద్దేశంలో ఈ పట్టికను మార్చింది పుట్టుకలు, చావుల కంటే ప్రభుత్వాల కాగితాలే. నాజీ మారణకాండను పక్కన పెట్టినా ఈ మాట నిలుస్తుంది. బాగ్దాద్ చూడండి. మొదటి ప్రపంచయుద్ధం నాటికి ఆ ఊళ్లో మూడో వంతు యూదులు. 1941 జూన్‌లో రెండు రోజుల అల్లర్లలో దాదాపు 180 మందిని చంపారు. 1950 మార్చిలో ఇరాక్ ఒక చట్టం తెచ్చింది: పౌరసత్వం వదులుకుంటే వెళ్లిపోవచ్చు, గడువు ఏడాది. ఏ పది వేలమందో పేరు రాయించుకుంటారని ప్రభుత్వం అనుకుంది. గడువు ముగిసేసరికి లక్ష దాటారు. అప్పుడు, 1951 మార్చిలో, పౌరసత్వం వదులుకున్నవాళ్ల ఆస్తులన్నిటినీ స్తంభింపజేస్తూ ఇంకో చట్టం. అప్పటికే సంతకం పెట్టేశారు, వెనక్కి తీసుకోవడానికి లేదు. పెద్దవాళ్లు తలకు 50 దినార్లు, 30 కిలోల సామాను, అంతే. దుకాణం, ఇల్లు, బాకీల పుస్తకం అక్కడే. విమానాలు మొదట్లో సైప్రస్ మీదుగా వెళ్లేవి. ఏడాదిన్నర తిరిగేసరికి లక్షా ఇరవై వేలమంది ఇజ్రాయెల్ చేరారు. ఈరోజు ఇరాక్‌లో మిగిలినవాళ్లను వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు.

ఇక మన దేశం. ఇక్కడ తరిమినవాళ్లెవరూ లేరు, అయినా ఖాళీ అయింది. 1951 సెన్సస్‌లో 26,512 మంది. 1971కి 5,825. వీళ్లు మూడు రకాలు: కొంకణ తీరపు బెనె ఇజ్రాయెల్, కొచ్చి యూదులు, కలకత్తా, ముంబైలలో వ్యాపారానికి వచ్చిన బాగ్దాదీలు. కొంకణంలో బెనె ఇజ్రాయెల్ వాళ్లు నూనె గానుగలు ఆడించేవారు, శనివారం మాత్రం గానుగ కట్టేవారు కాదు. అందుకే చుట్టుపక్కలవాళ్లు 'శనివార్ తేలి', అంటే శనివారం గానుగవాళ్లు, అన్నారు.

తగ్గిపోవడం మెల్లగా జరగదు, అది జనానికి తట్టని విషయం. సినగాగ్‌లో, అంటే యూదుల ప్రార్థనాలయంలో, సామూహిక ప్రార్థన జరగాలంటే పదిమంది వయసొచ్చిన మగవాళ్లుండాలి. తొమ్మిదిమందే ఉంటే చనిపోయినవాళ్ల కోసం చదివే కద్దిష్ కూడా చదవడానికి లేదు. మాంసం కోయడానికి శాస్త్రం తెలిసిన మనిషి కావాలి, పిల్లకు సంబంధం కావాలి. ఊళ్లో సగంమంది వెళ్లారంటే మిగతా సగం మతం కోసమైనా వెళ్లక తప్పదు. 1568 నాటి పరదేశి సినగాగ్ ఉన్న కొచ్చిలోని మట్టంచేరిలో జరిగిందదే. అక్కణ్ణించి, ఎర్నాకుళం, పరూరు నుంచి వెళ్లినవాళ్లు ఇజ్రాయెల్‌లో నెగెవ్ ఎడారిలోని నెవాతిమ్ లాంటి పల్లెల్లో వ్యవసాయం చేశారు. బెనె ఇజ్రాయెల్‌కు అక్కడికి వెళ్లాక కూడా సుఖం లేదు. పెళ్లిళ్ల దగ్గర రబ్బీలు, అంటే యూదు మతగురువులు, వాళ్ల పుట్టుపూర్వోత్తరాలు తవ్వబోతే ధర్నాలకు దిగారు, 1964లో గానీ పూర్తి యూదులుగా ఒప్పుకోలేదు.

మన తెలుగువాళ్లలోనూ ఉన్నారు. గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయిమ్ అని చెప్పుకునే కొన్ని కుటుంబాలు. మూలం మాదిగ వాడ, మధ్యలో క్రైస్తవం, 1990ల మొదట్లో సినగాగ్ కట్టుకున్నారు. శనివారం పాటిస్తారు, హీబ్రూ నేర్చుకుంటారు. ప్రపంచ పట్టికల్లో వీళ్లు కనబడరు, ఇజ్రాయెల్ రబ్బీల గుర్తింపు రాలేదు కాబట్టి. మణిపూర్, మిజోరం బ్నెయ్ మెనాషేలకు 2005లో ప్రాచీన ఇజ్రాయెల్ వంశస్థులన్న గుర్తింపు వచ్చింది, అయినా మతమార్పిడి తంతు పూర్తి చేశాకే పౌరసత్వం.

మన సెన్సస్‌లో ఎవరేం చెబితే ఎన్యూమరేటర్ అది రాయాలి. 2011 ఫారంలో ఆరు మతాలకే అంకెల కోడ్ ఉంది, 'యూదు' అంటే పేరు పూర్తిగా రాయించుకోవాలి. కానీ 1950 ఎస్సీ ఉత్తర్వు హిందువులు, సిక్కులు, బౌద్ధులకే వర్తిస్తుంది. మాదిగ కుటుంబం యూదు మతానికి మారానని అధికారికంగా ఒప్పుకుంటే ఎస్సీ హోదా నిలవదు. స్కాలర్‌షిప్, హాస్టల్ సీటు, ఉద్యోగంలో రిజర్వేషన్ అన్నీ ఆ సర్టిఫికెట్ మీదే ఆధారపడ్డాయి. 'భారత్‌లో ఐదు వేలు' అన్న అంకె చదివేటప్పుడు ఈ సంగతి కూడా పక్కన పెట్టుకుని చదవండి.