నేపథ్యం రెండుసార్లు, స్థాయి ఒకసారి

సందేహం: “భౌతికశాస్త్ర నేపధ్యం ఉన్న వెండీ కార్లోస్ 1982లో వచ్చిన ‘ట్రాన్’ సినిమాకి నేపధ్య సంగీతం అందించారు. ఆల్ఫా, బీటా, గామా అనే మూడు కొత్త స్థాయిలను కూడా కనిపెట్టారు.” ఒకే మాటను ఇలా రెండర్థాల్లో వాడవచ్చా? ఈ వాక్యాల్లో ఇంకేమైనా దోషాలున్నాయా?

సమాధానం: ముందు అక్షరం సంగతి. ‘నేపధ్యం’ కాదు, ‘నేపథ్యం’. పథ్యం, మిథ్యలలో ఉన్న థకారమే ఇక్కడా. మధ్య, సంధ్య, అధ్యాయం రాసి రాసి అలవాటైన చెయ్యి ఇక్కడా ధకారం వైపే పోతుంది.

సంస్కృతంలో నేపథ్యమంటే వేషం, అలంకరణ. ఆ వేషం వేసుకునే తెర వెనుక చోటుకూ అదే పేరు. నాటకాల్లో ‘నేపథ్యే’ అని ఉంటే, మనిషి కనబడకుండా తెర వెనుక నుంచి మాట వినబడాలని అర్థం. తెర మీద కనబడని వాద్యాల నుంచి వచ్చేది కాబట్టి ‘నేపథ్య సంగీతం’ ఆ పాత అర్థానికి దగ్గరగానే ఉంది. (సినిమావాళ్లు దాన్ని ఆర్‌ఆర్, అంటే రీ-రికార్డింగ్, అనేస్తారు, అది వేరే సంగతి.) చదువుకీ కుటుంబానికీ ‘నేపథ్యం’ వాడటం ఇంగ్లీషు ‘బ్యాక్‌గ్రౌండ్’ నీడలో వచ్చింది. స్థిరపడిపోయింది కనుక తప్పనలేం. కాకపోతే ఆ మాట ఏదీ తేల్చదు: చదివారా, ఉద్యోగం చేశారా, ఇంట్లో శాస్త్రవేత్తలున్నారా? కార్లోస్ బ్రౌన్ విశ్వవిద్యాలయంలో సంగీతం, భౌతికశాస్త్రం రెండూ చదివారు. ఆ ముక్కే రాస్తే సరి, నేపథ్యాల గొడవ తీరుతుంది. ‘అందించారు’ కంటే ‘సమకూర్చారు’ మేలు.

అసలు దోషం ‘స్థాయి’ దగ్గరుంది. ఇంగ్లీషు ‘స్కేల్’కి, అంటే వరసగా పేర్చిన స్వరాలకు, అది సరిపోదు. మన సంగీతంలో స్థాయి అంటే షడ్జం (‘స’) నుంచి పై షడ్జం దాకా ఉన్న మేర. మంద్రం, మధ్యం, తారం అనేవి స్థాయిలు. స్కేల్‌ని స్వరశ్రేణి అనాలి. స్వరాల మధ్య దూరాన్ని ‘సెంటు’ అనే చిన్న కొలతలో చెబుతారు, స్థాయిని 1200 సెంట్లుగా లెక్కిస్తారు. ఆల్ఫాలో ఒక స్వరానికీ తర్వాతి స్వరానికీ అంతరం సుమారు 78 సెంట్లు. 15 అంతరాలకు దాదాపు 1170 దగ్గర ఆగుతాం, 16వది 1247కి దాటేస్తుంది. పై షడ్జం మీద కాలు పడదు. బీటా, గామాలదీ అదే తీరు. స్థాయిని సమభాగాలు చెయ్యని శ్రేణులకు స్థాయి అని పేరు పెట్టడం మరీ విడ్డూరం! రాగాలకు మూలమైన స్వరక్రమాన్ని చెప్పే ‘మేళం’ కూడా పొసగదు, దానికి ఏడు స్వరాల కట్టుబాటు ఉంది.

ఇలా రాయవచ్చు: “సంగీతంతో పాటు భౌతికశాస్త్రం కూడా చదివిన వెండీ కార్లోస్ 1982 నాటి ‘ట్రాన్’ సినిమాకి నేపథ్య సంగీతం సమకూర్చారు. ఆల్ఫా, బీటా, గామా అనే మూడు స్వరశ్రేణులను రూపొందించారు.” ‘కనిపెట్టారు’ని కూడా మార్చింది, తెలుగులో కనిపెట్టడమంటే కాపు కాయడం, పసిగట్టడం కూడా కనుక.