హంగరీ మీద రాస్తున్న అమ్మాయికి

చిరంజీవి అమ్మాయికి ఆశీస్సులు.

నీ సిద్ధాంత వ్యాసం మొదటి అధ్యాయం రెండుసార్లు చదివాను. హంగరీని ఉపగ్రహ దేశమన్నావు, అంటే సోవియట్ యూనియన్ చెప్పుచేతల్లో నడిచిన దేశమని. ఆ మాట వాడుకలో ఉన్నదే, కానీ దాన్ని నమ్ముకుని ప్రతి తప్పునూ మాస్కో ఖాతాలో వేసేశావు. అంత సులువుగా తేల్చేయకు తల్లీ.

1945 నుంచి మొదలుపెట్టు. యుద్ధంలో ఓడిన ఆ చిన్న దేశం 30 కోట్ల డాలర్ల నష్టపరిహారం కట్టాలి; అందులో 20 కోట్లు సోవియట్ యూనియన్‌కే. ఆ నవంబరు ఎన్నికల్లో కమ్యూనిస్టులకు వచ్చింది 17 శాతం ఓట్లే. జనం ఎన్నుకోని పార్టీ ఎర్రసైన్యం అండతో గద్దెనెక్కింది. ఆ తర్వాతి చిక్కులన్నిటికీ వేరు అక్కడే ఉంది.

అయినా అప్పటి కమ్యూనిస్టు పార్టీ అధినేత రాకోషి మాస్కోలోని తన ప్రభువులు కోరినదానికంటే ఎక్కువే చేశాడు. ముడి ఇనుము చాలినంత లేని దేశాన్ని 'ఇనుము, ఉక్కుల దేశం' చేస్తామన్నారు. డాన్యూబ్ ఒడ్డున ఉక్కు నగరం కట్టి దానికి స్టాలిన్ పేరు పెట్టారు. భారమంతా రైతు మీద పడింది. నిర్బంధ సేకరణకు వచ్చినవాళ్లు ఇళ్లలో అటకలు కూడా ఊడ్చి ధాన్యం పట్టుకుపోయేవారు. ఆ దౌర్జన్యానికి హంగరీ భాషలో 'అటక ఊడ్పు' అన్న మాటే పుట్టింది. నీ అధ్యాయంలో ఉపన్యాసాలున్నాయి, ఆ అటక లేదు. తప్పకుండా చేర్చు. 1953 జూన్‌లో రాకోషిని పిలిపించి చీవాట్లు పెట్టింది మాస్కో నాయకులే! కాబట్టి ప్రతి నిర్ణయం దగ్గరా ఆగి చూడు: అక్కడి ఆజ్ఞ ఎంత, ఇక్కడి అత్యుత్సాహం ఎంత?

1956 తర్వాత హంగరీని ఏలిన కాదార్ దగ్గర మరింత జాగ్రత్త. రాకోషి కాలంలో తానే జైల్లో మగ్గినవాడు, 1956 నవంబరులో ప్రజల తిరుగుబాటును అణచిన సోవియట్ ట్యాంకుల వెనక అధికారంలోకి వచ్చాడు. 1958 జూన్ 16న, ఆ తిరుగుబాటు నాటి ప్రధాని ఇమ్రె నాజ్‌ను ఉరితీయించాడు. 1968లో అతని ఆర్థిక సంస్కరణలు మొదలయ్యాయి. ఆ ఆగస్టులోనే మాస్కో దండయాత్రకు తోడుగా చెకొస్లొవేకియా మీదికి సైన్యాన్నీ పంపాడు. నువ్వు ఈ రెంటినీ వేర్వేరు అధ్యాయాల్లో పెట్టదలచావు. వద్దు, ఒకే పేజీలో ఉండాలి. ఇంట్లో కాస్త వెసులుబాటు ఉండాలంటే బయట ఏం చెల్లించాడో అప్పుడే తెలుస్తుంది. క్లాసులో ఏళ్ల తరబడి అతన్ని మెతక పాలకుడని చెప్పాను. ఇప్పుడైతే ఆ మాట అనను.

1989 జూలై 6న హంగరీ సుప్రీంకోర్టు నాజ్‌ను నిర్దోషిగా ప్రకటించింది. కాదార్ చనిపోయిందీ ఆ రోజే. దాని మీద ఏదో ఒకటి అనాలనిపిస్తుంది నీకు. తేదీ మాత్రం రాసి వదిలేయి.

రెండో అధ్యాయం పూర్తికాగానే పంపు.