డ్యామేజీ రాకుమారి: ఒక యువ రచయిత్రికి లేఖ

చిరంజీవి అమ్మాయికి,

ఆశీస్సులు. స్లొవేనియాలోని మారిబోర్ నుంచి, అక్కడి రచయిత్రి యాన్యా విద్మర్ మీద నువ్వు పంపిన వ్యాసం అందింది. మొదటిసారి చదివినప్పుడు మూడో పేజీ దగ్గర ఆపేసి కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టేశాను. కోపం వచ్చింది. ఆ పేజీలో నువ్వొక పట్టిక గీశావు. ఎడమ పక్క యాన్యా విద్మర్ నవలల పేర్లు, కుడి పక్క "చర్చించిన సమస్య". ఒకదాని ఎదురుగా కాందిశీకులు, ఇంకోదాని ఎదురుగా స్థూలకాయం, దాని కింద స్వలింగ ప్రేమ, రోమా (జిప్సీ) పిల్లల బతుకు. ఆసుపత్రిలో మంచానికి వేలాడదీసే చార్టులా ఉంది. యాభైకి పైగా పుస్తకాలు రాసిన మనిషి, స్క్రీన్‌ప్లేలు కూడా రాసిన మనిషి, ఆ నాలుగు గళ్ళలో ఎక్కడా లేదు.

అంతకంటే పెద్ద తప్పు ఆ పట్టిక కిందే ఉంది. 'దెబెలూష్కా' అన్న నవల పేరుని "స్థూలకాయ బాలిక" అని తెలుగు చేశావు.

1986లో నేను జిల్లా పరిషత్ హైస్కూల్లో తెలుగు చెప్పేదాన్ని. తొమ్మిదో తరగతిలో ఒకమ్మాయి ఉండేది, కాస్త ఒళ్ళున్న పిల్ల. క్లాసంతా దాన్ని 'డ్రమ్ము' అనేవాళ్ళు. ఇంటి బెల్లు కొట్టాక అందరూ వెళ్ళిందాకా బెంచీ మీంచి లేచేది కాదు. లేస్తే బెంచీ కిర్రుమంటుంది, వెనకవాళ్ళు నవ్వుతారు. అందుకని పుస్తకాలు సంచిలో పెట్టడం, మళ్ళీ తియ్యడం, మళ్ళీ పెట్టడం. ఆ పిల్ల మీద కథ రాశాను. పేరు 'డ్రమ్ము'. ఒక వారపత్రిక వేసుకుంది. సంచిక చేతికొచ్చాక చూస్తే కథ పేరు 'అందం' అయి ఉంది. లోపల డ్రమ్ము అన్న చోటల్లా స్థూలకాయురాలు. చివర్న నేను రాయని పేరా ఒకటి, అందులో టీచరు పిల్లలందర్నీ నిలబెట్టి బయటి అందం కంటే మనసు అందం ముఖ్యమని చెప్తుంది. ఇదేమిటని ఉత్తరం రాస్తే, పిల్లలు చదివేది కాబట్టి సంస్కరించామని జవాబొచ్చింది. ఆ పత్రిక మా స్కూలు లైబ్రరీకి కూడా వచ్చేది. ఆ అమ్మాయి చదివింది. స్టాఫ్ రూము గుమ్మం దగ్గర నిలబడి, "టీచర్, నన్నెవరూ స్థూలకాయురాలు అనలేదండీ" అంది. ఆ ఒక్క మాటా అని వెళ్ళిపోయింది. నలభై ఏళ్ళవుతోంది. ఆ సంపాదకుణ్ణి నేను క్షమించలేదు. అతను నా కథకి చేసిన పని, ఇవాళ నువ్వు ఇంకొకరి పుస్తకానికి నీ చేత్తో నువ్వే చేస్తే ఎలా ఊరుకుంటాను?

'దెబెల్' అంటే లావు అని నువ్వే రాశావు. దాని చివర ముద్దుగా పిలిచే తోక ఒకటి తగిలిస్తే దెబెలూష్కా అవుతుంది. అమ్మ గారాబంగా అనొచ్చు, క్లాసులో ఎవరో గుచ్చడానికీ అనొచ్చు. కూతురు సన్నబడాలి, మోడల్ కావాలి అని తల్లి పట్టుబట్టే కథకి ఆ పేరు పెట్టడంలోనే రచయిత్రి సగం నవల చెప్పేసింది. మన ఇళ్ళలో 'బొండాం' అంటాం, 'బండపిల్ల' అంటాం. ముద్దూ వెక్కిరింతా ఒకే మాటలో ఉన్న తెలుగు పేరు వెతుకు. దొరకలేదా, దెబెలూష్కా అనే ఉంచెయ్. స్థూలకాయం మాత్రం వద్దు. అది డాక్టరు చీటీలో మాట.

మర్నాడు పొద్దున్న కాఫీ తాగి మళ్ళీ తీశాను. ఈసారి ఫుట్‌నోట్లు కూడా చదివాను. పదకొండో నంబరు దగ్గర చాలాసేపు ఆగిపోయాను. 'ప్రిన్సెస్కా జ్ నపాకో' నవల పేరుని పైన "లోపభూయిష్ట యువరాణి" అని రాసి, కింద చిన్నక్షరాల్లో, నేతలోనో కుట్టులోనో తప్పున్న సరుకుని కూడా 'జ్ నపాకో' అనే అంటారని, ఆ ఊళ్ళో నీ మొదటి చలికాలానికి కోటు అలాంటి రాశిలోంచే ఏరి కొనుక్కున్నావని, ఎడమ చేతికి గుండీ రంధ్రం లేదని రాశావు. అమ్మా, పద్నాలుగు పేజీల్లో నాకు రచయిత్రి కనపడింది అక్కడే. నేత నేసే ఊళ్ళున్న మనకి దానికి మాట లేదా? డ్యామేజీ చీర అనమా? డ్యామేజీ రాకుమారి! బోస్నియా యుద్ధం తరిమితే స్లొవేనియా వచ్చిపడ్డ ఫాతిమా అనే పిల్ల కథ అది. పిల్లలో తప్పేమీ లేదు. పేరూ, పుట్టిన చోటూ కొత్త ఊరివాళ్ళ కంటికి నేతలో తప్పులా కనపడతాయి. ఆ కోటూ ఈ ఫాతిమా పక్కపక్కన ఉండాల్సినవాళ్ళు. నువ్వు ఒకర్ని పట్టికలోకీ ఒకర్ని ఫుట్‌నోట్‌లోకీ నెట్టేశావు.

విద్మర్ పుట్టిన ఊరు ప్తుయ్ గురించి ఒక పేజీ ఇచ్చావు. గొర్రెతోళ్ళు కప్పుకుని, నడుముకి గంటలు కట్టుకుని చలిని తరిమే కురెంట్ వేషగాళ్ళు బావున్నారు, కానీ విద్మర్ 1962లో ఆ ఊళ్ళో పుట్టిందన్న ఒక్క ముక్క తప్ప ఆ పేజీకీ ఆమెకీ సంబంధం నువ్వు చూపించలేదు. అవార్డులకి ఇంకో రెండు పేజీలు. 'వెచెర్' దినపత్రిక పేరు మీద ముర్స్కా సోబొతాలో ఇచ్చే వెచెర్నిత్సా బహుమతి 1999లో ఫాతిమా నవలకి వచ్చింది, 2009లో 'పింక్' అనే ఇంకో నవలకి మళ్ళీ వచ్చింది. రెండు వాక్యాలు చాలు. ఆ రెండు పేజీలూ 1990ల స్లొవేనియాకి ఇవ్వు. 1991 జూన్ 25న యుగోస్లావియా నుంచి స్వాతంత్ర్యం ప్రకటించుకున్న దేశం, ఎనిమిది నెలలు తిరిగేసరికి, 1992 ఫిబ్రవరి 26న, పక్క రిపబ్లిక్కుల నుంచి వచ్చి అక్కడే బతుకుతున్న 25,671 మందిని శాశ్వత నివాసుల జాబితాలోంచి కొట్టేసింది. నిన్నటిదాకా పక్కింటివాళ్ళు, ఇవాళ కాగితం లేనివాళ్ళు. ఉద్యోగం, పింఛను, వైద్యం అన్నీ పోయాయి. అక్కడివాళ్ళు వాళ్ళని 'చెరిపేయబడ్డవాళ్ళు' అంటారు. ఫాతిమా ఆ జాబితాలో పిల్ల కాదు, యుద్ధం నుంచి వచ్చిన పిల్ల. కానీ ఎవరు మనవాళ్ళు, ఎవరు కారు అని ఒక దేశం లెక్క పెట్టుకుంటున్న రోజుల్లో బడి మెట్లెక్కిన పిల్ల. ఇది తెలియకుండా తెలుగు పాఠకుడు ఆ నవలలోకి ఎలా అడుగు పెడతాడు?

ఇంకో సంగతి. స్లొవీన్‌లో ఇద్దరే ఉన్నప్పుడు అనే 'మేము', ఆ 'మిద్వా'ని ఎలా తెలుగు చెయ్యాలని అడిగావు. నువ్వడిగిన ఏడు ప్రశ్నల్లో నాకు నిద్ర పట్టనివ్వనిది ఇదే. సంస్కృతంలోలాగా స్లొవీన్‌లో ద్వివచనం ఇంకా బతికుండడం, బజార్లో కూరలు కొనేటప్పుడు కూడా ఇద్దరికి వేరే క్రియ వాడడం ఎంత వింత! ఇద్దరు అబ్బాయిలైనా, అబ్బాయీ అమ్మాయీ అయినా 'మిద్వా', ఇద్దరూ అమ్మాయిలైతే 'మిద్వె'. పదిహేనేళ్ళ పిల్ల మొదటిసారి ఒక అబ్బాయితో కలిపి తనని 'మిద్వా' అనుకున్నప్పుడు, ఆ మాటలో మూడోవాళ్ళకి చోటే లేదు. మనకి ద్వివచనం లేదు, కానీ వాళ్ళకి లేనిది మనకుంది. మనిద్దరం, మేమిద్దరం. ఆ అబ్బాయితోనే అంటే మనిద్దరం, అమ్మకి ఎదురు చెప్తూ అంటే మేమిద్దరం. కాబట్టి మిద్వా కనపడ్డ ప్రతిచోటా ఆ పిల్ల ఎవరి మొహం చూస్తూ మాట్లాడుతోందో నువ్వు చూడాలి. ఇంకా చెప్తాను. బోస్నియన్‌లో ఈ ద్వివచనం లేదు. దక్షిణం నుంచి వచ్చినవాళ్ళు ఈ మాట దగ్గర తడబడడం సహజం. అంటే అక్కడికి చేరిన ఫాతిమా లాంటి ప్రతి పిల్లా 'మేమిద్దరం' అనడం మొదట్నుంచి నేర్చుకోవాలి. నీ వ్యాసం దీని చుట్టూ తిరగాలి తప్ప సమస్యల చుట్టూ కాదు.

పిల్లల సమస్యలు అందరికీ తెలుసు. పిల్లల నోట్లో మాట తెలిసినవాళ్ళే తక్కువ. ఈ విషయంలో నేనెవరికీ లొంగను. విద్మర్ స్క్రీన్‌ప్లేల సంగతి చివర్న "ఇతర రచనలు" అని ఒక్క ముక్కలో తేల్చేశావు. అదే నా దృష్టిలో ముఖ్యం. నేను కొన్నాళ్ళు రేడియోకి పిల్లల నాటకాలు రాశాను. అక్కడ ఒక పెద్దాయన స్క్రిప్టు చేతికివ్వగానే ఎడమ పక్కనున్న పాత్రల పేర్లని అరచేత్తో మూసేసి, డైలాగులు మాత్రం పైకి చదివేవారు. ఏది అన్న మాటో ఏది చెల్లి మాటో తెలియకపోతే కాగితాలు వెనక్కిచ్చేవారు. నా మొదటి నాటకం నాలుగుసార్లు వెనక్కొచ్చింది. నాలుగోసారి ఇంటికొచ్చి ఏడిచాను. ఐదోసారికి చెల్లి మాటలన్నీ సగం సగంలో ఆగిపోయేవి, ఎందుకంటే మా ఇంట్లో చిన్నపిల్లని ఎవరూ పూర్తిగా మాట్లాడనిచ్చేవారు కాదు. అది రికార్డు చేశారు. దృశ్యానికో శబ్దానికో రాసినవాళ్ళు నవలకొచ్చినా "ఆమె మిక్కిలి కుంగిపోయింది" అని రాసి ఊరుకోలేరు. ఆ పిల్లకి ఏదో ఒక పని ఇవ్వాలి, సంచిలో పుస్తకాలు సర్దడం లాంటిది.

డబ్బుల గురించి అడిగావు. అక్కడ లైబ్రరీల్లో పుస్తకం ఎన్నిసార్లు అరువుకి వెళ్ళిందో లెక్కగట్టి రచయితకి ఏటా కొంత సొమ్మిస్తారని నువ్వే రాశావు. అది చదివి కడుపు మండింది, దాచుకోను. ఇక్కడ మనం ఇంటిపన్నులో రూపాయికి 8 పైసలు గ్రంథాలయాలకని కడుతూనే ఉన్నాం. నా మూడో నవలకి ప్రచురణకర్త ఇచ్చిన పారితోషికం యాభై కాపీలు. అవీ నేనే ఆటో మాట్లాడుకుని తెచ్చుకున్నాను. ఇరవై లక్షల పైచిలుకు జనం ఉన్న భాషలో ఒకావిడ ఎక్కువగా టీనేజీ పిల్లల కోసం రాస్తూ ఇన్ని పుస్తకాలు వెయ్యగలిగిందంటే, వెనకాల 1961లో ప్రెవాల్యెలో టీచర్లు మొదలెట్టిన 'బ్రాల్నా జ్నాచ్కా' లాంటిది ఉంది. ఏడాదికి ఇన్ని పుస్తకాలు చదివిన పిల్లకి ఒక బ్యాడ్జీ. బడి చదువయ్యేదాకా ఏ ఏడూ తప్పకుండా చదివితే ఆ పిల్లని 'బంగారు పాఠకురాలు' అంటారు. మన దగ్గర చందమామ వయసు దాటిన పిల్ల నేరుగా పెద్దవాళ్ళ సీరియళ్ళలో పడేది. మధ్యలో అయిదారేళ్ళకి అరే లేదు. ఆ అర నింపుతామని వచ్చినవాళ్ళు ఇప్పుడు బాల్యవివాహానికో నవల, ర్యాగింగ్‌కో నవల, సెల్‌ఫోన్ వ్యసనానికో నవల అని కోటా ప్రకారం రాస్తున్నారు, చివర్న కౌన్సెలర్ మేడమ్ వచ్చి అంతా సర్దేస్తుంది. నువ్వు ఆ దారిన పోకు. నీ పట్టిక చూసి భయపడింది అందుకే.

మిగతా ప్రశ్నలకి ఇవాళ ఓపిక లేదు, కళ్ళు లాగుతున్నాయి.

ఒక పని చెయ్యి. మీ ఊరి లైబ్రరీకి వెళ్ళి దెబెలూష్కా కాపీ అడుగు. కొత్తది ఇస్తే వద్దను. పిల్లల చేతుల్లో నలిగి, అట్ట ఊడొచ్చింది కావాలి. దాన్ని బల్ల మీద వెన్ను ఆన్చి వదిలేస్తే ఏ పేజీ దగ్గర తెరుచుకుంటుందో చూడు. ఆ ఒక్క పేజీ తెలుగు చేసి పంపు. మాటలు తప్పొస్తే రానీ, దిద్దుకుందాం. ఆ కోటు సంగతి కూడా ఇంకో నాలుగు ముక్కలు రాయి. గుండీ రంధ్రం నువ్వే కుట్టుకున్నావా, అలాగే తొడుక్కు తిరుగుతున్నావా?

ఆశీస్సులతో,
మీ టీచర్
తెనాలి