నిప్పుని కప్పింది నీరా, నీఱా?

సందేహం: ఈమధ్య టీవీలో ఒక చిన్న డ్రామా చూశానండీ. అక్కాచెల్లెళ్ళు "తిన్నావా", "తలుపేశావా" అంటూ మామూలుగానే మాట్లాడుకుంటారు, కానీ లోపల ఏదో రగుల్తూనే ఉంటుంది. దాని గురించి రాస్తూ "నీరు గప్పిన నిప్పులా ఉన్నారు" అన్నాను. నీళ్ళు పోస్తే నిప్పు ఆరిపోదా అని ఫ్రెండ్ నవ్వింది. పోనీ "ఉద్రిక్తత" అంటే సరిపోయేదా?

సమాధానం: తప్పు మీది కాదమ్మా, బండి ఱని వదిలేసుకున్న మనందరిదీ. నీళ్ళయితే నీరు, బూడిదయితే నీఱు, పాత రాతలో రెండూ వేరు, ఇప్పుడు అన్నిటికీ ఒకే ర రాసేసి ఇదుగో ఇలా నవ్వులపాలవుతున్నాం. తమిళులు ఆ తేడా పోగొట్టుకోలేదు, విభూతిని తిరునీఱు అంటారు, మన నానుడినే "నీఱు పూత్త నెరుప్పు" అంటారు, పువ్వు పూసినట్టు బూడిద పూసిన నిప్పు అన్నమాట, ఎంత ముచ్చటగా ఉందో చూడండి! కన్నడంలో "బూది ముచ్చిద కెండ". మన నివురు కూడా ఈ నీఱుకి చుట్టమే.

అసలు నిప్పు మీద బూడిద ఎందుకు కప్పేవాళ్ళు? ఆర్పడానికి కాదు, తెల్లారేదాకా దాచుకోడానికి. గాలి తగలక మెల్లగా కాలుతూ వేడి నిలుస్తుంది, పొద్దున్నే కాస్త ఊదితే చాలు. మీ డ్రామాలో "తిన్నావా", "తలుపేశావా" ఆ బూడిదే, కోపాన్ని చల్లార్చే మాటలు కావవి, కాపాడే మాటలు. వాల్మీకి కిష్కింధకాండలో బాణం దెబ్బ తిన్న వాలి రాముణ్ణి గడ్డి కప్పిన బావి అంటాడు, వెంటనే కప్పబడిన నిప్పు అంటాడు. రెండూ పైకి కనబడనివే గానీ బావి కదలదు, నిప్పు లోపల పని చేస్తూనే ఉంటుంది, అందుకే మీ కథకి నిప్పే సరి.

ఇక ఉద్రిక్తత. ఉద్రిక్తమంటే మించిపోయినది, పొంగి బయటపడ్డది. పోలీసులు దిగాక పేపర్లో రాసే మాట అది, గొంతు కూడా పెంచని ఇద్దరి మధ్యకి దాన్ని లాక్కురావడం ఏం బాగుంటుంది? టెన్షన్ కనబడిన ప్రతిచోటా ఉద్రిక్తత అని దించేసే అలవాటు మానుకోవాలి. ముభావం అందామా అంటే వీళ్ళు మాట్లాడుకుంటున్నారాయె. ఎడమొహం పెడమొహం కూడా కుదరదు, ఎదురెదురుగానే కూర్చున్నారు కదా.

ఇవాళ్టి పాఠకుడికి "నివురు గప్పిన" అంటే చప్పున తెలుస్తుంది, నేనైతే అదే రాస్తాను. మీరు బండి ఱతో "నీఱు గప్పిన" అని రాస్తే కాదనను, మామూలు రతో రాసినా కొట్టెయ్యడానికి నాకు చెయ్యి రాదు.