డెట్‌లో ‘బి’ ఎందుకు పలకదు?

ప్రశ్న: బ్యాంకు ఇంటర్వ్యూకి తయారవుతున్నాను. డెట్‌లో బి, రిసీట్‌లో పి పలకకూడదట. పలకనప్పుడు రాయడం దేనికి?
– ఒక డిగ్రీ విద్యార్థిని, తెనాలి

జవాబు: చాలా మంచి ప్రశ్న అడిగారమ్మా. అప్పు అనే అర్థంలో ఈ డెట్ ఫ్రెంచి నుంచి ఇంగ్లీషులోకి వచ్చిన రోజుల్లో అందులో బి లేనేలేదు, డి-ఇ-టి-టి-ఇ అని రాసేవాళ్లు. తర్వాత అక్కడి పండితులకు లాటిన్ మీద మోజు పెరిగి, లాటిన్‌లో దీని మూలం ‘డెబిటుమ్’ కదా, అది రాతలో కనబడాల్సిందే అని మధ్యలో బి ఇరికించారు. రాత మారింది కానీ జనం పాత మాటనే పలుకుతూ వచ్చారు. డౌట్‌లో బి, రిసీట్‌లో పి కూడా ఇలా వచ్చి చేరినవే. అన్నిటికంటే అన్యాయం ఐలండ్‌లో ఎస్‌ది. అది అచ్చమైన పాత ఇంగ్లీషు మాట, లాటిన్ ‘ఇన్సులా’తో దానికి ఏ చుట్టరికమూ లేదు, అయినా అదే ద్వీపం అనే అర్థంలో ఆ ఇన్సులా నుంచి వచ్చిన ‘ఐల్’ పక్కన ఉందని దీనికీ ఎస్ తగిలించేశారు!

కాబట్టి ఇంటర్వ్యూలో ధైర్యంగా డెట్, రిసీట్ అనండి, టెన్షన్ వద్దు. డెబిట్ కార్డు అన్నప్పుడు మాత్రం బి పలకాలి. అన్నట్టు, మన రశీదు రిసీట్ నుంచి పుట్టింది కాదు, పారశీకం నుంచి వచ్చింది.

ప్రశ్న: మా నాన్నగారు సైన్యంలో పనిచేశారు. ఆయన కర్నల్ అంటారు, పేపర్లలో కల్నల్ అని ఉంటుంది. ఏది రైటు?
– ఒక పాఠకుడు, కరీంనగర్

జవాబు: ఇంగ్లీషులో మాట్లాడేటప్పుడు మీ నాన్నగారు అన్నదే రైటు. ఇటలీలో ఇది ‘కొలొనెల్లో’. దగ్గర దగ్గరగా రెండు ‘ల’లు పలకడం నాలుకకు ఇబ్బంది కాబట్టి ఫ్రెంచివాళ్ల నోట్లో మొదటిది ‘ర’ అయి ‘కొరొనెల్’ అయింది. 16వ శతాబ్దంలో ఇంగ్లీషువాళ్లు తీసుకున్నది దాన్నే. ఆ తర్వాత ఇటలీ రూపం చూసి స్పెల్లింగులో ఎల్ పెట్టుకున్నారు, పలకడం మాత్రం ర తోనే ఉండిపోయింది. తెలుగులో కల్నల్ స్థిరపడిపోయింది కాబట్టి అలా రాస్తే తప్పని నేననను.

ప్రశ్న: ఇంగ్లీషు డిక్షనరీలోకి మన తెలుగు మాటలేమైనా వెళ్లాయా?
– ఒక టీచర్, అనకాపల్లి

జవాబు: వెళ్లాయండీ. బ్యాండికూట్ మన పందికొక్కే! పొలం గట్లకు బొరియలు పెట్టి ధాన్యం దాచుకునే ఆ పెద్ద ఎలుక పేరు విని ఇంగ్లీషువాళ్లు ‘ప’ని ‘బ’ చేసుకున్నారు. పలికేటప్పుడు ‘బ్యా’ని ఒత్తి పలకాలి. ఆస్ట్రేలియాలో అదే పేరుతో ఇంకో జంతువు ఉంది, పొడుగు మూతి, పిల్లల్ని మోసే సంచి, ఆ సంచి నోరు కూడా వెనక్కి తిరిగి ఉంటుంది. అది అసలు ఎలుక జాతే కాదు, పేరు మాత్రం మన పందికొక్కుది.